నలభై నాలుగు సెంటీమీటర్ల రాడ్డు

మా ముత్తాతగారు ఇరవై రెండు గ్రామాల జమీకి యజమాని. ఆయన పల్లకీ దారెక్కితే ఎదురొచ్చే బండ్లు పక్కకు దిగేవి. మా తాతగారు జిల్లా బోర్డుకు అధ్యక్షులు. ఆయన కలెక్టరును చూడటానికి ఎన్నడూ వెళ్లలేదు. కలెక్టరే వచ్చి మా వరండాలో మజ్జిగ తాగి వెళ్లేవాడు. మా నాన్నగారి నాటికి పదవులు పోయాయి గాని కూర్చునే తీరు మిగిలింది. నా వాటాకు ఆ నిటారు వీపు ఒక్కటే వచ్చింది. ఇప్పటికీ కుర్చీలో వెనక్కి వాలను.

ఈ సంగతులు ఎందుకు చెబుతున్నానంటే, జూబ్లీహిల్స్‌లో ఒక ఆస్పత్రి రికార్డు గదిలో నేను చేసిన పొరపాటుకు మూలం ఆ వీపే. ఇవాళ కంప్యూటర్ల ముందు కూర్చుని జబ్బులకు కోడ్లు వేస్తున్న పిల్లలూ, ఇది చదివితే చదవండి. నవ్వుకున్నా నాకు అభ్యంతరం లేదు. మా ఇంట్లో మాత్రం నవ్వకండి.

ఎనభైల చివర నేను చేరేనాటికి ఆస్పత్రి చుట్టూ ఇళ్లకన్నా బండలే ఎక్కువ. పగలల్లా ఎక్కడో ఒకచోట పునాదుల కోసం రాళ్లు పేల్చేవారు. పేలినప్పుడల్లా మా గది అద్దాలు గలగలమనేవి. నేను శ్రీనగర్ కాలనీలో రెండు గదులు కిరాయికి తీసుకుని, పొద్దున్నే గొడుగు పట్టుకుని ఆ ఎత్తంతా నడిచి ఎక్కేవాణ్ణి. ఫిల్మ్ నగర్ వెళ్లే స్టూడియో వ్యాన్లవాళ్లు ఆపి, ‘ఎక్కండి సార్, దింపేస్తాం’ అనేవారు. విగ్గుల పెట్టెల మధ్య ఇరుక్కుని ఆఫీసుకు వెళ్లడం నాకు నచ్చక, ‘నడక ఆరోగ్యం’ అనేవాణ్ణి. వానలో కూడా అదే మాట అనేవాణ్ణి.

రికార్డు గదిలో మేం ముగ్గురం. ఒకావిడ గుంటూరు వైపు క్రిస్టియన్ల అమ్మాయి. తమిళనాడులో ఒక మిషన్ ఆస్పత్రిలో ఈ పనే చదువుకుని వచ్చింది. నాకన్నా వయసులో పదేళ్లు చిన్న, పనిలో పదేళ్లు పెద్ద. రెండో మనిషి అటెండరు, షేక్‌పేట పాత ఊరివాడు, నా ఈడువాడే. ఆవిడ నన్ను ‘రాజావారూ’ అనేది. అతను ‘దొరా’ అనేవాడు. ఆ పిలుపుల్లో మర్యాద ఎంతో, ఎకసెక్కం ఎంతో విడదీయడం ఇరవై ఏళ్లలో నాకు చేతకాలేదు.

పని గురించి ఒక్క ముక్క చెప్పాలి. రోగి ఇంటికి వెళ్లగానే అతని కేస్ షీట్ మా దగ్గరికి వస్తుంది. అందులో డాక్టరు రాసిన జబ్బు చదివి, లావుపాటి పుస్తకంలో దాని నంబరు వెతికి, ఆ నంబరు కార్డు మీద రోగి వివరం ఎక్కించి డ్రాయరులో పెట్టాలి. తర్వాత ఎప్పుడైనా ‘ఇలాంటి జబ్బుతో ఎంతమంది వచ్చారు’ అని ఎవరైనా అడిగితే, డ్రాయరు లాగి చెప్పాలి. ఒంట్లో అమర్చిన వస్తువు ఏదైనా సరే, తొడలో రాడ్డో, గుండెలో వాల్వో, దానికే చీము పట్టిందంటే ఒక ప్రత్యేకమైన నంబరు ఉంది: తొమ్మిది వందల తొంభై ఆరు పాయింట్ ఆరు. కోసిన గాయం మాత్రమే చీము పడితే ఇంకో నంబరు. ఎముకకు పడితే మరొకటి.

చిక్కల్లా ఎక్కడంటే, డాక్టర్లు తేల్చి రాయరు. ‘తొడ గాయం నుంచి స్రావం’ అని రాసి సంతకం పెట్టేస్తారు. రాడ్డు వేసిందీ, ఇప్పుడు రాస్తున్నదీ ఒకే చెయ్యి కావడంతో, ‘నేను వేసిన రాడ్డుకు చీము పట్టింది’ అని రాయడానికి కలం కొంచెం వెనకాడుతుంది. అలాంటప్పుడు డాక్టరుకు పంపడానికి మా దగ్గర గులాబి రంగు చీటీలుండేవి. వాటి మీద ఇంగ్లీషులో ‘దయచేసి వివరించగలరు’ అని అచ్చువేసి, కింద మా సంతకానికి చోటు వదిలారు. ఆవిడ రోజుకు పది చీటీలు రాసేది. జవాబు రాకపోతే వెళ్లి డాక్టరు గది ముందు నిలబడేది.

నేను నిలబడేవాణ్ణి కాను. మా ఇంట్లో ఎవరి గుమ్మం ముందూ నిలబడి ఏదీ అడిగిన అలవాటు లేదు. డాక్టరుగారు ఏ మాట రాస్తే ఆ మాటకే నంబరు వేసేవాణ్ణి. స్రావం అంటే స్రావం. నాలుగేళ్లలో నా చీటీల కట్టకు చుట్టిన కాగితప్పట్టీ అయినా తెగలేదు. సాయంత్రానికల్లా నా ట్రే ఖాళీగా ఉండేది, ఆవిడ ట్రే గుట్టగా ఉండేది. నేను ఆ గుట్ట వైపు చూసి గొడుగు తీసుకుని వెళ్లిపోయేవాణ్ణి.

ఎముకల వార్డు కేస్ షీట్లన్నీ నా వంతు. అందులో సగం ఫిల్మ్ నగర్‌వే. గోడ మీంచి దూకినవాళ్లు, జీపులోంచి పడినవాళ్లు, హీరోగారు తోస్తే నిజంగానే పడిపోయినవాళ్లు. కొందరు మొహాన రంగుతోనే వచ్చేవారు. ఏది రంగో ఏది రక్తమో తేల్చుకోవడానికి నర్సులు మొదట తడిగుడ్డతో తుడిచి చూసేవారు.

ఒకరోజు మధ్యాహ్నం మా గది గుమ్మంలో చక్రాల కుర్చీ వచ్చి ఆగింది. అందులో ఒక మనిషి, అతని వెనక మా అటెండరు. కుర్చీ చిన్నదో, మనిషి పెద్దవాడో గాని మోకాళ్లు ఛాతీ దాకా వచ్చాయి. అతనొక ఫైటర్. సినిమావాళ్లు మద్రాసు నుంచి ఇటు కదిలినప్పుడు వాళ్లతోపాటు కదిలొచ్చినవాడు. ఆరునెలల కిందట షూటింగులో పడి తొడ ఎముక విరిగితే మా దగ్గరే రాడ్డు వేశారు. చీము కారుతోందని రెండుసార్లు వచ్చి వెళ్లాడు. ఇది మూడోసారి.

“దొరా, ఈయన మీతోని మాట్లాడాల్నంట. జర ఇనుండ్రి,” అన్నాడు అటెండరు.

“రోగులకు రికార్డులు చూపించడం కుదరదు,” అన్నాను.

“చూపించొద్దులెండి,” అన్నాడు ఫైటర్. “ఒక్కటి చెప్పండి చాలు. రేపు పొద్దున తొమ్మిదింటికి నాకు ఆపరేషనండీ. ఈ రాడ్డు తీసేసి కొత్తది వేస్తారట. అదీ పాడైతే కాలు తీసెయ్యాల్సి వస్తుందని చిన్న డాక్టరుగారు అంటున్నారు. అందరూ నన్నే తిడుతున్నారు, తొందరపడి నడిచావు, షూటింగుకెళ్లావు అని. నేను మంచం దిగలేదండీ. మా ఆవిడనడగండి, నన్ను మంచానికి కట్టేసినంత పని చేసింది. నాలాగ రాడ్డు వేయించుకుని చీము పట్టినవాళ్లు ఇక్కడ ఇంకా ఎవరైనా ఉన్నారా? వాళ్లకి ఎలా తగ్గింది? మీ దగ్గర అన్నీ రాసి ఉంటాయట కదా.”

అన్నీ రాసి ఉంటాయన్న మాట నాకు బాగుంది. లేచి తొమ్మిది వందల తొంభై ఆరు పాయింట్ ఆరు డ్రాయరు లాగాను. రెండే కార్డులున్నాయి. ఒకటి గుండె వాల్వు, ఒకటి తలలో వేసిన గొట్టం. రెండూ ఆవిడ దస్తూరీ.

“రాడ్డు కేసు ఒక్కటీ లేదు,” అన్నాను, కాస్త దర్జాగానే.

ఫైటర్ తల వంచుకున్నాడు. “అంటే నాకొక్కడికే వచ్చిందన్నమాట. అయితే తప్పు నాదేనేమో.”

మూలన పని చేసుకుంటున్న ఆవిడ తల ఎత్తలేదు. “రాజావారూ, ఆయన కార్డు కూడా ఆ డ్రాయరులో లేదు కదండీ,” అంది.

నేను మళ్లీ చూశాను. లేదు. ఒకే చీము కోసం ఆస్పత్రిలో రెండుసార్లు చేరి వెళ్లిన మనిషి, మూడోసారి వచ్చి నా ఎదురుగా కూర్చున్న మనిషి, నా డ్రాయరు లెక్కన పుట్టనే లేదు.

“మీరు వార్డుకు వెళ్లండి. సాయంత్రానికి చెబుతాను,” అన్నాను. ఆ సాయంత్రం అన్న మాట నోట్లోంచి ఎలా వచ్చిందో తెలియదు. అంతవరకు నేను ఏ రోగికీ ఏ మాటా ఇవ్వలేదు.

కుర్చీ వెళ్లిపోయాక ఆవిడ తన గుట్ట పక్కకు నెట్టి నా బల్ల దగ్గరికి వచ్చింది. మందలిస్తుందేమోనని వీపు ఇంకాస్త నిటారు చేశాను. ఆవిడ మందలించలేదు. “మీరు వేసిన నంబర్లు ఏమేమిటో చెప్పండి. అన్ని డ్రాయర్లూ లాగుదాం,” అంది.

ఫైటర్ మొదటిసారి వచ్చిన కార్డు గాయాల డ్రాయరులో దొరికింది, రెండోది ఎముకల చీములో. ఒకే మనిషి, ఒకే తొడ, రెండు డ్రాయర్లు. డాక్టరు మొదటిసారి ఒక మాట, రెండోసారి ఒక మాట రాశారు, నేను విధేయుడిలా రెండు చోట్ల పెట్టాను. ఇక అక్కడి నుంచి ‘తొడ వాపు’, ‘మానని పుండు’, ‘జ్వరం, కారణం తెలియదు’ వరకు అన్ని డ్రాయర్లూ వెతికాం. రాడ్డు వేయించుకుని తర్వాత తిరిగొచ్చినవాళ్ల కేస్ షీట్లు అటెండరు ఒక్కొక్కటే నిచ్చెనెక్కి తీశాడు. నాలుగు గంటలయ్యేసరికి బల్ల మీద ఆరు కేస్ షీట్లున్నాయి. ఆరుగురూ ఏడాదిన్నర లోపలివాళ్లే. అందరికీ నంబర్లు వేసింది నేనే.

అందులో ఒకరికి అప్పటికే వేరే ఆస్పత్రిలో కాలు తీసేశారు. ఆ ఉత్తరం కేస్ షీట్ చివర పిన్ను పెట్టి ఉంది. అది చేర్చినప్పుడు నేనే పిన్ను పెట్టాను. చదివినట్టు గుర్తులేదు.

ఇప్పుడు మొదటి వరస నుంచి చదివాను. ఆవిడే మంచినీళ్ల గ్లాసు నా ముందుకు జరిపింది.

“నలుగురు ఫైటర్లు, ఒకాయన గుర్రాల మనిషి,” అంది, వృత్తి గడిలో రాసింది చదువుతూ.

“సిన్మోల్లు ఊకుంటరా మేడమ్? రాడ్డు ఏసినంక గూడ దుంకుతరు,” అన్నాడు అటెండరు.

నేనూ అదే అనుకున్నాను. అనుకోవడానికి నాకు చాలా సుఖంగా కూడా ఉంది. తప్పు ఫిల్మ్ నగర్‌దైతే నాది కొంచెం తగ్గుతుంది.

ఆరో కేస్ షీట్ తెరిచిన ఆవిడ ఆగిపోయింది. “ఈయన సినిమా మనిషి కాదండీ. మా చర్చి పెద్ద. రిటైరైన హెడ్మాస్టరు. బస్సు దిగుతూ పడ్డారు. దుంకడం మాట అటుంచండి, డాక్టరు కదలొద్దన్నారని మూణ్నెల్లు ప్రార్థన కూడా పడుకునే చేశారు. పాస్టరుగారు వస్తే లేవనందుకు ఇప్పటికీ బాధపడతారు.”

ఇక తప్పు ఎవరి మీద పెట్టాలో మాకు తోచలేదు. ఆరు కేస్ షీట్లూ పక్కపక్కన పరిచి చూశాం. డాక్టర్లు వేరు, మంచాలు వేరు, నెలలు వేరు.

అటెండరే అన్నాడు, చాలా మామూలుగా. “గీళ్లందరు పొడుగోళ్లే దొరా.”

“నీకెలా తెలుసు?”

“నేనే కదా తోల్కపొయ్యేది. స్ట్రెచర్ మీద పండవెడితే కాళ్లు బయటికొస్తుండె. హెడ్మాస్టర్ సార్‌వి గూడ గట్లనే. లిఫ్ట్ తలుపు పడకుంటే ఆయనను అడ్డం తిప్పినం.”

కేస్ షీట్‌లో పొడుగు అన్న గడి లేదు. కాని ఆపరేషన్ కాగితంలో వేసిన రాడ్డు కొలత ఉంటుంది. తీసి చూశాం. నలభై నాలుగు సెంటీమీటర్లు. నలభై నాలుగు. నలభై ఆరు. నలభై నాలుగు. నలభై ఆరు. హెడ్మాస్టరుగారిది నలభై నాలుగు. తర్వాత, తిరిగి రాని రాడ్డు కేసులు ఒక దొంతర తీయించి చూశాం. ముప్ఫై ఎనిమిది, నలభై, నలభై రెండు. నలభై నాలుగు ఒక్కటీ లేదు.

ఇందులో అర్థం ఏమిటో మా ముగ్గురికీ తెలియదు. తెలిసినవాళ్లను అడగాలి. ఆవిడ తన కట్టలోంచి ఒక గులాబి చీటీ తీసి నా ముందు పెట్టబోయి, మళ్లీ వెనక్కి తీసుకుంది.

“చీటీకి రేపటి తొమ్మిదింటి లోపల జవాబు రాదండీ,” అంది. “వెళ్లాల్సిందే. నేను వెళ్లనా?”

“కోడ్లు నావి,” అన్నాను.

ఆ సాయంత్రం వార్డుకు వెళ్లి ఫైటర్‌తో, “మీరు ఒక్కరే కాదు. ఆరుగురు. మిగతాది రేపు పొద్దున చెబుతాను,” అన్నాను. అతను మంచం చాలక పాదాలు కమ్మీల మధ్య నుంచి బయటికి పెట్టుకుని ఉన్నాడు. ఆ పాదాలు చూడకుండా బయటికి వచ్చాను.

మర్నాడు ఏడున్నరకు పెద్ద సర్జన్‌గారి గది ముందు నిలబడ్డాను. బెంచీ ఉంది గాని కూర్చోలేదు. చేతిలో ఆరు కేస్ షీట్లు. వచ్చేపోయే నర్సులు నన్ను చూసి, ‘ఎవరికైనా బాగాలేదా సార్’ అని అడిగారు. నలభై నిమిషాలు నిలబడితే కాళ్లు నొప్పి పుడతాయని ఆ రోజే తెలిసింది. ఆవిడ రోజూ నిలబడేది.

సర్జన్‌గారు వచ్చి, నన్ను ఎగాదిగా చూసి, తలుపు తీశారు.

“నాలుగేళ్లలో మీరు నన్ను ఒక్క ప్రశ్న అడగలేదు. మీ పక్కావిడ బాధ పడలేక నేను వెనక మెట్ల మీంచి వస్తుంటాను. మీరు మాత్రం చాలా పెద్దమనిషి అనుకునేవాణ్ణి,” అన్నారు నవ్వుతూ.

“అడగకపోవడం నా తప్పండి. ఇవాళ ఆరు ప్రశ్నలతో వచ్చాను. అసలు ఒకటే ప్రశ్న,” అని, కేస్ షీట్లు వరసగా పరిచి, కొలతల మీద వేలు పెట్టి చూపించాను.

ఆయన నవ్వు మానేసి చదివారు. రెండుసార్లు చదివారు. ఆరింట్లో మూడు ఆయన సంతకాలే. ‘స్రావం’ అన్న మాట దగ్గర ఆయన వేలు ఆగింది.

“ఈ మాట నేనే రాశాను. రాడ్డు అని రాయాల్సింది. రాయబుద్ధి కాలేదు. మీరు ఒక్క చీటీ పంపి ఉంటే విసుక్కుని అయినా రాసేవాణ్ణేమో.” కాస్త ఆగి, “మనిద్దరం బాగానే కుదిరాం,” అన్నారు.

థియేటర్ సిస్టర్‌ను పిలిపించారు. ఆపరేషన్ పనిముట్లన్నీ ఆవిడ అధీనంలో ఉంటాయి. సర్జన్లు కూడా ఆవిడ ముందు గొంతు తగ్గించి మాట్లాడేవారు.

“సిస్టర్, మన నలభై నాలుగు సెంటీమీటర్ల రాడ్లు ఏ డ్రమ్ములో ఉడికిస్తారు?”

“డ్రమ్ములో ఎక్కడ పడతాయండీ? ఆవిరి డ్రమ్ములు పొట్టివి. నలభై రెండు వరకే మూత పడుతుంది. చేరిన కొత్తలోనే మీకు చెప్పాను. మీరు ‘సర్దుకోండమ్మా’ అన్నారు. సర్దుకున్నాం. పొడుగువి క్రిములు చంపే లోషన్ పోసిన ట్రేలో వేసి ఉంచుతున్నాం.”

“ఆ లోషన్ ఎన్నాళ్లకోసారి మారుస్తారు?”

“స్టోర్స్ నుంచి కొత్త డబ్బా వచ్చినప్పుడండీ.”

“ఎప్పుడొస్తుంది?”

“అది స్టోర్స్ వాళ్లని అడగాలి. అడిగితే, మేం ఇండెంటు చీటీ పెట్టలేదంటారు. పెట్టాం.”

 ఎక్కడో బండ పేలింది. కిటికీ అద్దం అదిరింది. సర్జన్‌గారు ఫోనెత్తి, తొమ్మిదింటి కేసు ఆపమని చెప్పారు.

ట్రేలోని లోషన్ లాబ్‌కు పంపితే, ఫైటర్ చీములో ఉన్న క్రిమే అందులోనూ పెరిగింది. కొత్త రాడ్డు అంటూ ఆ పొద్దున అతని తొడలోకి వెళ్లాల్సింది కూడా ఆ ట్రేలోనే, ఆ లోషన్‌లోనే మునిగి ఉంది. దుప్పట్లు, గౌన్లు ఆవిరిలో ఉడికించే పెద్ద ఆటోక్లేవ్ ఒకటి వెనక బ్లాకులో ఉండేది. రాడ్లను గుడ్డలో చుట్టి అందులో పెట్టవచ్చన్న ఆలోచన అంతవరకు ఎవరికీ రాలేదు. వెనక బ్లాకువాళ్లను ఎవరూ అడగలేదు. ఆ ఆస్పత్రిలో అడగనిది నేనొక్కణ్ణే కాదని తెలిసి నాకు కొంత ఊరట కలిగింది. కొంతే.

రెండు రోజుల తర్వాత ఫైటర్ రాడ్డు తీసి, లోపల శుభ్రం చేసి, కొత్తది వెంటనే వేయకుండా కాలికి బరువు కట్టి కొన్ని వారాలు మంచం మీదే ఉంచారు. చీము ఆగాకనే కొత్త రాడ్డు వేశారు. ఆ వారాల్లో నేను రోజూ ఒకసారి వార్డుకు వెళ్లేవాణ్ణి. అతను నాకు దెబ్బ తగలకుండా ఎలా పడాలో నోటితో నేర్పేవాడు. ‘మీరు అలా బిగదీసుకుంటే ఎముక విరుగుద్దండీ. పడేటప్పుడు ఒళ్లు వదిలెయ్యాలి’ అనేవాడు. ఆ పాఠం నాకు పట్టుబడలేదు.

కాలు నిలిచింది. కొద్దిగా పొట్టయింది. దూకడం అయిపోయింది గాని, తర్వాత చాలా సినిమాల్లో అతను విలన్ వెనక చేతులు కట్టుకుని నిలబడే మనిషిగా కనిపించాడు. అందరూ కొట్టుకుంటుంటే అతను మాత్రం నిలబడే ఉంటాడు. చూసేవాళ్లు అది పొగరనుకుంటారు. ఆ కాలు ఎందుకు కదలదో నాకు తెలుసు.

ఆరు కార్డులూ నేనే మళ్లీ రాసి తొమ్మిది వందల తొంభై ఆరు పాయింట్ ఆరు డ్రాయరులో పెట్టాను. కాలు పోయినాయనకు సర్జన్‌గారూ నేనూ కలిసి ఉత్తరం రాశాం. జవాబు రాలేదు. రావాలని ఆశించే హక్కు మాకు లేదు. హెడ్మాస్టరుగారికి మళ్లీ ఆపరేషన్ జరిగి తగ్గింది. ఈసారి పాస్టరుగారు వస్తే లేచి కూర్చున్నారట.

తర్వాత నా ట్రే కూడా గుట్టగా ఉండటం మొదలైంది. సాయంత్రాలు ఆవిడ తన హ్యాండ్‌బ్యాగు భుజాన వేసుకుని, నా గుట్ట వైపు ఒక చూపు చూసి వెళ్లిపోయేది. చీటీల కట్ట అయిపోయిందని స్టోర్స్‌కు వెళ్లి అడిగితే, అక్కడి గుమాస్తా, ‘మీరా సార్’ అన్నాడు.

పిల్లలూ, మీ కంప్యూటర్లు ఖాళీ గడి కనిపిస్తే ఎర్రగీత గీస్తాయట. తప్పుడు మాటతో నిండిన గడికి ఏ గీతా పడదు. అక్కడ లేచి వెళ్లి అడగాల్సింది మీరే. నిలబడటం మొదటి రోజు కష్టంగా ఉంటుంది.

ఆ మరుసటేడు ఆస్పత్రికి పొడుగాటి ఆవిరి పెట్టె వచ్చింది. పొట్టి డ్రమ్ములు నాలుగింటినీ విరిగిన స్ట్రెచర్లతో కలిపి పాత సామాను కింద అమ్మేశారు. అందులో ఒకటి మా అటెండరే కొన్నాడు, గాలి ఆడే బొక్కలున్నాయి కాబట్టి ఉల్లిగడ్డలు పోసుకోవడానికి.